తలపుల పీపా

నాకు అరవై దాటి చాలా కాలమైంది. ఇప్పటికీ సందెవేళ అరుగు మీద కూర్చుని, దీపం తేకుండానే సూదిలో దారం ఎక్కిస్తాను. చూసినవాళ్ళు "దేవుడిచ్చిన కళ్ళండీ మీవి" అంటారు. ఈ చూపు దేవుడివ్వలేదు. ఇది మా తోడికోడలిది. నేను లాక్కున్నాను.

నరసాపురం దగ్గర కాలవ గట్టున మా ఇల్లు. మా ఆయన ధాన్యం పడవల మీద కాకినాడ దాకా పోయేవాడు, నెలకోసారి వస్తే వచ్చినట్టు. ఆయన అన్నగారు, అంటే మా బావగారు, ధవళేశ్వరం వర్క్‌షాపులో ఫిట్టరుగా చేసి, ఆ పని మానుకుని ఇంటికి వచ్చేశారు. ఆయన భార్యని నేను అక్కా అని పిలిచేదాన్ని. మిషను దొరసానమ్మగారు నేర్పిన లేసు పని మా పేటలో ఆడవాళ్ళందరికీ వచ్చు. మధ్యాహ్నం గంజి తాగాక అక్కతో కలిపి ఏడుగురం మా అరుగు మీద చేరేవాళ్ళం.

లేసు అల్లేటప్పుడు ఒకరు లెక్క చెప్పాలి. ఆ లెక్క నాది. "ఆరు గొలుసులు, ఒక సందు, మూడు కాడలు" అని మోకాలి మీద వేలితో కొడుతూ చెబితే ఏడు సూదులూ ఒక్కసారే కదిలేవి. వరస అయిందని మూడుసార్లు కొడితే అందరూ తలెత్తి నా మొహం చూసేవారు, తర్వాత ఏమిటో అని. అలా చూడమని ఎవరూ నేర్పలేదు, అలవాటైపోయింది. ఆ చూపులంటే నాకు ప్రాణం. ఈ ఇంట్లో నాకున్న పెత్తనమల్లా అదే.

అక్క అల్లే లేసు వంకరటింకర. అయినా ఆవిడ రాత చూడండి! బావగారు చేపముల్లు తీసి మరీ ఆవిడ కంచంలో వేసేవారు. ఆవిడకి ఒళ్ళు వెచ్చబడితే ఆయనే కాలవ నుంచి నీళ్ళు మోసేవారు. మా ఆయన ముల్లు తీయడం మాట అటుంచి, నేను తిన్నానో లేదో అడిగిన పాపాన పోలేదు. పొరుగింటి పుల్లకూర రుచి అంటారు. నాకు పొరుగిల్లు కూడా కాదు, ఒకే వంటింట్లో పక్క పొయ్యి. రోజూ చూస్తూ ఉడికిపోయేదాన్ని.

ఆ రోజుల్లో బావగారు పెరటి పాకలో ఏడాది పాటు ఏదో బిగిస్తూ కూర్చున్నారు. చివరికి చూస్తే ఒక ఇత్తడి పీపా. దాన్ని ఇరుసు మీద నిలబెట్టి ఏడు రాగితీగలు కట్టారు. తీగల చివర మా లేసు దారమే.

"ఏంటి బావగారూ ఇది?" అన్నాను.

"ఒక్క మనిషి తలపుకి బలం చాలదమ్మాయ్. ఏడుగురు ఈ దారాలు పట్టుకుని ఒక్కటే అనుకుంటే, ఆ బలానికి పీపా తిరుగుతుంది. పీపా తిరిగిందా, అనుకున్నది జరుగుతుంది. మీరు అరుగు మీద అల్లడం చూసే నాకీ ఊహ వచ్చింది. అయితే తలపు ఎప్పుడూ చూపు వెంటే పోతుంది. అందరూ ఒక్కచోటే చూడాలి, అదే కీలకం."

నేను పైట అడ్డం పెట్టుకుని నవ్వాను. ఆ వారమే మా కాలవకి అడ్డంగా ఉండే లాకు తలుపు బురదలో కూరుకుపోయింది. పడవలన్నీ ఆగిపోయాయి. మగవాళ్ళు గడ్డపారలతో పొద్దంతా పొడిచినా కదల్లేదు. బావగారు మా ఏడుగురినీ పాకలో కూర్చోబెట్టి దారాలు చేతికిచ్చారు. "తలుపు తెరుచుకోవాలి" అని ఒకసారి పైకి అని, లాకు వైపే చూస్తూ మనసులో అదే అనుకున్నాం. నేను అలవాటు కొద్దీ మోకాలి మీద వేలితో కొడుతూనే ఉన్నాను. పీపా గిర్రున తిరిగింది. కాలవ దగ్గర ఒకటే కేకలు. ఎవరూ ముట్టుకోకుండానే తలుపు తెరుచుకుందట. పేటంతా బావగారిని మెచ్చుకుంది, ఆయన పక్కన నిలబడ్డ అక్కని మెచ్చుకుంది. నా వేలి సంగతి ఎవరికి గుర్తు?

మర్నాడు బావగారు నాతో మెల్లగా అన్నారు.

"మీ అక్కకి చూపు తగ్గిపోతోందమ్మా. లేసులో సందులు కనబడ్డం లేదంట. ఎవరికీ చెప్పొద్దంది. ఈ పీపా దాని కోసమే చేశాను."

జాలి పడాల్సింది. నాకు ఒళ్ళు మండిపోయింది. పెళ్ళాం కళ్ళ కోసం ఏడాది పాటు ఇత్తడి అరగదీసిన మగాడు ఉన్నాడా లోకంలో! ఉన్నాడు, పక్క పొయ్యి దగ్గర.

ఆదివారం ఆరాధన అయ్యాక మళ్ళీ పాకలో చేరాం. అక్కకీ ఒక దారమిచ్చి పీపా ముందు పీట మీద కూర్చోబెట్టారు.

"ఇవాళ అందరూ దీని మొహమే చూడండి. అమ్మాయ్, నువ్వు ఆ చివర కూర్చో" అన్నారు బావగారు.

ఆ చివర! పదేళ్ళు వాళ్ళకి లెక్క చెప్పిన నేను, గోడ పక్కన! "అక్క కళ్ళు బాగుపడాలి" అని అందరితో పాటు పైకి అన్నాను. తర్వాత అందరూ మనసులో అదే అనుకోసాగారు. అప్పుడు నా వేలు మోకాలి మీద మూడుసార్లు కొట్టింది. కాదు, నేనే కొట్టాను, కావాలనే. కళ్ళు కావాలని కాదు, నా కళ్ళకేం రోగం? ఒక్కసారి వాళ్ళు నా వంక చూడాలి, అంతే.

అయిదుగురూ తల తిప్పి నా మొహం చూశారు. అక్క కూడా, పిచ్చితల్లి, ఆ చప్పుడు వైపే తిరిగింది.

పీపా గిర్రున తిరిగింది. పాక కప్పులో ప్రతి తాటాకు ఈనె నాకు విడివిడిగా కనబడింది.

"ఏమండీ, తలుపు వేసేశారా?" అంది అక్క.

పాకకి తలుపే లేదు. బయట ఎండ ఫెళ్ళున కాస్తోంది.

బావగారు తననే తిట్టుకున్నారు, ఇరుసు సరిగా పడలేదని. అక్కే ఆయన్ని ఓదార్చింది. మళ్ళీ రెండుసార్లు ప్రయత్నించారు. రెండుసార్లూ తలనొప్పని నేను పోలేదు, వేరే ఆవిణ్ణి కూర్చోబెట్టారు. పీపా ఉలకలేదు, పలకలేదు. చివరికి ఆయనే మా గుమ్మంలోకి వచ్చారు.

"నువ్వుంటే గాని వాళ్ళ మనసులు కలవడం లేదమ్మా. ఇంతకాలం నాకది తెలీలేదు. ఒక్కసారి రా తల్లీ."

ఆ మాట కోసమే కదా నేను అంతకాలం కాచుకున్నది! కానీ పోతే చూపు తిరిగి ఆవిడకి పోతుందని భయం. "తల పగిలిపోతోందండీ బావగారూ" అన్నాను. ఆయన వెళ్ళిపోయారు. కొన్నాళ్ళకి ఆ పీపాని కంచరి చేత బిందె చేయించారు. ఈ రోజుకీ ఆ బిందెతోనే నీళ్ళు తెస్తాను.

అక్క ఇప్పటికీ తడుముకుంటూ లేసు అల్లుతుంది. సూదిలో దారం ఎక్కించిస్తే "నీ కళ్ళు చల్లగా ఉండాలే చెల్లీ" అంటుంది. సాయంత్రం కాగానే బావగారు ఆవిడ చెయ్యి పట్టుకుని వంతెన దాటిస్తారు. అవతలి గట్టు మీద నడుస్తూ పడవ వస్తోందనీ, దాని తెరచాప చిరిగిందనీ, కొంగలు వాలాయనీ కనబడ్డదల్లా చెబుతూనే ఉంటారు. నేను ఈ అరుగు మీద కూర్చుని చూస్తాను. అంత దూరం నుంచీ ఆయన పెదాలు కదలడం కనిపిస్తుంది, ఆవిడ వేళ్ళు ఆయన మణికట్టు చుట్టూ బిగిసి ఉండడం కనిపిస్తుంది. నిన్న ఆయన ఏమన్నారో గాని అక్క తల వెనక్కి వాల్చి నవ్వింది. పైపళ్ళ మధ్య సందు కూడా నాకు కనబడింది. దేవుడా, ఈ వయసులో, ఇంత చేసీ, నాకు మళ్ళీ ఒళ్ళు మండింది.