ఎండు తాటాకుల్లో గబ్బిలాలు

ఒక అబద్ధాన్ని కడుపులో పెట్టుకుని కొన్నేళ్లుగా అన్నం తింటున్నాను. ఎవరైనా గబ్బిలం మాటెత్తితే చాలు, గుమ్మడికాయల దొంగలా భుజాలు తడుముకుంటాను. ఇంట్లోవాళ్లకు చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నాను.

చిల్లకూరు దాటి సముద్రం వైపు వస్తే మా వరి పొలం ఉండేది. గట్టున తాటిచెట్లు, ఇంకా పెద్ద ఎత్తు ఎదగనివి. కొట్టకుండా వదిలేస్తే వాటి ఎండాకులు మాను చుట్టూ వేలాడతాయి. ఆ మడతల్లో బొటనవేలంత గబ్బిలాలు ఉండేవి. పొద్దుగుంకాక బయటికొచ్చి పురుగుల్ని పట్టి తినేవి. గబ్బిలాల మీద పరిశోధన చేసే ఒక అమ్మాయికి వాటిని చూపించింది మా పొరుగున తాటాకు బుట్టలు అల్లే మస్తానన్న. పిల్లల్లేని ఇల్లు. వచ్చినప్పుడల్లా ఆమె వాళ్లింట్లోనే భోంచేసేది.

ఒక ఏడు ఆమె సంబరంగా వచ్చింది. అది ఇంతవరకూ ఎవరూ పేరు పెట్టని కొత్త జాతి అట. ఇంకొన్నాళ్లు గమనించాలి, ఆకులు కొట్టొద్దని నన్ను బతిమాలింది. సరేనన్నాను. కానీ నా భయం నాకుంది. ఆ ఏడే వరి మానేసి రొయ్యల గుంట తవ్వాలనుకుంటున్నాను. పక్షులకు ఇబ్బందని ఎక్కడో రొయ్యల గుంటలు తవ్వనివ్వలేదని విని ఉన్నాను. గబ్బిలం పేరు చెప్పి నా పొలాన్నీ ఆపేస్తే? ఎవరినైనా అడగాల్సింది. అడిగితే నలుగురికీ తెలుస్తుందని అడగలేదు.

ఆమె వెళ్లాక, పొడుగు కర్రకు కొడవలి కట్టి, ఎండాకులన్నీ నేనే కోసి కాల్చాను. పట్టపగలు. పగలు అవి నిద్రపోతాయని నాకు తెలుసు. తెలిసే ఆ వేళ ఎంచుకున్నానా? ఈ ప్రశ్న దగ్గర ఇప్పటికీ ఆగిపోతాను. కొన్ని ఎగిరిపోయాయి. కొన్ని ఎగరలేదు.

ఆమె తిరిగొచ్చి బోడి చెట్లను చూసి నేరుగా నా దగ్గరకొచ్చింది.

"ఎవరు చేశారన్నా ఈ పని?"

"ఇంకెవురమ్మా, మస్తానన్నే. పొయ్యిలోకని కొట్టుకపోయినాడు."

తాటాకుతో బతికే మనిషి కాబట్టి నమ్ముతుందని ఆ క్షణంలోనే నాకు తట్టింది. నమ్మింది. ఆ పూట వాళ్లింటి గడప తొక్కకుండానే వెళ్లిపోయింది. మళ్లీ రాలేదు.

"ఏందబ్బయ్యా, ఆ బిడ్డకి అంత కోపమొచ్చేదానికి నేనేం చేసినా?" అని మస్తానన్న వచ్చి నన్నే అడిగాడు.

"పట్నమోళ్లు అంతేలేన్నా," అన్నాను. సిగ్గులేని నోరు!

నా పొలం జోలికి ఎవరూ రాలేదు. గుంట తవ్వాను, రొయ్యలు పెంచుతున్నాను. తర్వాత ఆ గబ్బిలానికి పేరు పెట్టినట్టు పేపర్లో వచ్చింది. మా ఊరి పేరూ వేశారు. మస్తానన్న ఆ ముక్క కత్తిరించి గోడకు అంటించుకున్నాడు. వచ్చినవాళ్లందరికీ అది చూపించి, మా బిడ్డ కనిపెట్టిందని చెబుతాడు. నేనూ ఎన్నోసార్లు విని తలూపాను.

ఆయన ముఖం చూసి చెప్పే ధైర్యం ఇంకా రాలేదు. వస్తుందో రాదో తెలియదు. ఇక్కడ మాత్రం రాస్తున్నాను. ఆకులు కోసింది నేను. కాల్చింది నేను. మస్తానన్న పేరు చెప్పిందీ నేనే.