మా ఆయన కాళ్ళు నొక్కే మిషను

మా ఆయనకి మోకాలి ఆపరేషన్ అయింది. పొద్దున్నే క్యారేజీ సర్దుకుని, పుంగ్గోల్‌లోని మా ఇంటి నుంచి రెండు రైళ్ళు మారి ఆసుపత్రికి వెళ్ళాను. ఆయన మహారాజులా పడుకుని ఉన్నారు. రెండు పిక్కలకీ తొడుగులు చుట్టారు. ఒక మిషను వాటిలోకి గాలి పంపుతూ, వదులుతూ ఆయన కాళ్ళు నొక్కుతోంది. కదలకుండా పడుకుంటే కాళ్ళలో రక్తం గడ్డకడుతుందట.

నాకు ఒళ్ళు మండింది. పెళ్ళయిన ఇన్నేళ్ళలో నా కాళ్ళు ఒక్కరైనా నొక్కారా?

సిగ్గు విడిచి నర్సునే అడిగేశాను, "సిస్టర్, ఓ ఐదు నిమిషాలు నాకూ పెడతారా?" అని.

"నో నీడ్ లా, ఆంటీ! యూ ఆల్వేస్ వాకింగ్!" అని ఇక్కడి యాస ఇంగ్లీషులో చెప్పి నవ్వింది. కాలు కదపనివాళ్ళకే కాళ్ళు నొక్కుతారన్నమాట!

"విన్నావుగా? ఆ మంచినీళ్ళు ఇటివ్వు," అన్నారు మా ఆయన కళ్ళు తెరవకుండానే.

నడిస్తే రక్తం గడ్డకట్టదట, ఈ రోజు నుంచి అంకుల్ కూడా నడవాలట. నర్సు ఆ మాట చెప్పి మిషను తీసేయగానే, వాకర్ ఆయన ముందు పెట్టాను. నీళ్ళ గ్లాసు తీసుకెళ్ళి కిటికీ దగ్గర పెట్టాను.

దీన్ని మీరు కుళ్ళు అంటారా, వైద్యం అంటారా?