సున్నం చుక్క బెల్లం

చిత్తూరు బెల్లం మండీలో నలభై ఏళ్లుగా మునస్వామి నాలుక చెప్పిందే వేదం. దిమ్మ మీంచి గోరంత గిల్లి నోట్లో వేసుకుని ఏ రాశిలోకి పోవాలో చెప్పేవాడు. తెలుపు, పసుపు, నలుపు రాశులు కళ్లున్న ఎవడైనా వేస్తాడు, అదేం పెద్ద విద్య? నాలుగోదే ఆయన సొంతం. తెల్లబరిచే మందు కలపకుండా వండిన బెల్లం చూపుకు నల్లగానే ఉంటుంది, తింటే అమృతం, వానాకాలంలోనూ నీరు కారదు. నలుపు నారాయణుడు మెచ్చు అని ఊరికే అన్నారా! ఆ బస్తాలను ఏరి సున్నం చుక్క పెట్టేవాడు.

ఆ విద్య వాళ్లమ్మ గంగులమ్మది. ఐరాలలో గానుగ కాడ, పెనం మీంచి దించిన బెల్లం వేలితో తీసి కొడుకు నాలుకకు రాసి, కళ్లు మూసుకోమనేది. ఆ వేడి, ఆ పొగ వాసన, ఆ వేలు మునస్వామికి ఇప్పటికీ గుర్తే. పాపం, ఆర్నెల్ల కిందట జ్వరమొచ్చి నోట్లో రుచి చచ్చిపోయింది. ఎవరికీ చెప్పలేదు. గిల్లి నోట్లో వేసుకుని, తెలిసినట్టే తలాడిస్తున్నాడు. అమ్మ విద్య తనతోనే మట్టిలో కలిసిపోతుందని దిగులు.

మండీ యజమాని కూతురు లోహిత రెండేళ్లుగా ప్రతి బస్తాకూ రంగు, తేమ, తీపి, ఉప్పు కొలిచి కంప్యూటర్లో ఎక్కిస్తోంది. ఒకరోజు ఆయన్ని పిలిచి చూపించింది. ఒక్కో బస్తా ఒక్కో చుక్క. పోలికలున్న చుక్కల్ని సాఫ్ట్‌వేరే గుంపులుగా చేర్చి రంగులు వేస్తుందట, ఎన్ని గుంపులో మాత్రం మనం చెప్పాలట. మండీలో బెల్లం రంగులు మూడే కదా అని మూడు పెట్టింది.

మునస్వామి నల్లబెల్లం గుంపు మీద వేలు పెట్టాడు.

"నాలుగు పెట్టి సూడు పాపా."

పెట్టింది. నల్ల గుంపు రెండుగా చీలి, ఓ మూల కొన్ని చుక్కలు విడిగా తేలాయి. లోహిత వాటిలో పోయినేటి బస్తాల నంబర్లు పట్టుకుని, సున్నం చుక్కలు రాసిపెట్టిన మండీ పుస్తకం తిరగేసింది. రెండు మూడు తప్ప అన్నీ ఆయన సున్నం చుక్క పెట్టినవే. పిల్ల నోరెళ్లబెట్టింది. ఈ గుంపుకు ఏం పేరు రాయమంటావు తాతా అని అడిగింది.

మునస్వామి పక్కనున్న బస్తా మీద కూలబడ్డాడు. ఆర్నెల్లు దాచుకున్నది ఇక దాచలేకపోయాడు.

"నా నాలిక సచ్చిపోయినాది పాపా. మాయమ్మ ఇంక నీ కాడే ఉండాది. గంగులమ్మ అని రాయి."