పాకిస్తాన్ డైరెక్టర్‌కు ఉత్తరం

నిన్న పెద్దల బడిలో పంతులమ్మ ఉత్తరం రాయమంది. కోదాడలో ఉన్న నా బిడ్డకు "ఒకసారి ఇంటికి రా" అని రాశాను. సగం గీత కూడా నిండలేదు. అప్పుడే ఖాలా గుర్తొచ్చింది.

నా చిన్నప్పుడు మిర్యాలగూడలో మేం ఖాలా అని పిలిచే పక్కింటి పిన్ని వీసీఆర్‌లో పాకిస్తాన్ నాటకాలు పెట్టేది. కాసెట్లన్నీ ఒకే డైరెక్టర్‌వి. తర్వాత ఆయన సినిమాలు తీస్తే అవీ తెప్పించుకుంది. తెర మీద ఆయన పేరు పడగానే చున్నీ సర్దుకుని కూర్చునేది. వేడెక్కిన వీసీఆర్ వాసన, ఖాలా నమిలే సోంపు వాసన కలిసి వచ్చేవి.

ఒక నాటకంలో కొత్త కోడలు ఎప్పుడూ ఏడుస్తూనే ఉండేది.

"ఆ పిల్లను ఎవరు ఏడిపిస్తుండ్రు ఖాలా?"

"డైరెక్టర్ సాబ్. ఆయన ఏడ్వమంటే ఏడ్వాలె, నవ్వమంటే నవ్వాలె."

"గంత పాపిష్టోడా! జర ఉత్తరం రాయి ఖాలా. ఆ పిల్లను తల్లిగారింటికి పంపమను."

ఖాలా పడీ పడీ నవ్వింది. "నీ మాట ఇంటడానె పిచ్చిదానా?" అంటూనే కాగితం తీసింది. ఉర్దూలో కుడి నుంచి ఎడమకు రాస్తూ పోయింది. మధ్యమధ్య చున్నీతో కళ్లు తుడుచుకుంది. కాగితం రెండు వైపులా నిండింది.

"పంపిస్తడా ఖాలా?"

"దువా చెయ్ బేటీ, అల్లాను అడుగు."

నాటకం అయిపోయింది. ఆ పిల్ల తల్లిగారింటికి రానేలేదు. చాలా రోజులు ఆ డైరెక్టర్‌ను తిట్టుకున్నాను.

ఖాలా వాళ్ల అక్క పెళ్లయి కరాచీ వెళ్లి మళ్లీ రాలేదని అమ్మ ఎప్పుడో చెప్పింది. ఆ రోజు నేను ఖాలాకు చెప్పింది సగం గీత మాటే, ఆమె రాసింది రెండు వైపులా. ఆ ఉత్తరం డైరెక్టర్‌కు కాదని నిన్న తెలిసింది.