కరెంటు అందని కారు

శంషాబాద్‌లో కార్లు బాగుచేసే కుర్మయ్యకు భయమెక్కువ. బాగుచేసిన ప్రతి కారూ కనుమరుగయ్యేదాకా మసిగుడ్డ నలుపుతూ షెడ్డు ముందే నిలబడతాడు. ఆ మధ్యాహ్నం మహేష్ కారు అక్కడే ఆగిపోయింది. వెనక సీట్లో పురిటి నొప్పులు పడుతున్న అతని భార్య సంతోషి. స్కానర్ పెడితే, ఇంజన్ కంప్యూటర్‌కు కరెంటు అందలేదని కోడ్ చూపింది. కుర్మయ్య వైర్లన్నీ కదిపి చూశాడు. బ్యాటరీ దగ్గర ఒకటి తొడుగు లోపలే తెగి ఉంది. దాన్ని ముడేసి టేపు చుట్టగానే ఇంజన్ స్టార్టయింది.

"దవాఖాన దాంక మల్ల ఆగదు గదా అన్నా?" అన్నాడు మహేష్.

కుర్మయ్య టేపు చుట్టను జేబులో వేసుకున్నాడు.

"నేను గూడ వస్తున్న, పోనియ్!" అంటూ షట్టరైనా దించకుండా ముందు సీట్లో ఎక్కాడు. దారంతా ఇంజన్ చప్పుడే వింటూ కూర్చున్నాడు. దవాఖాన ముందు సంతోషిని దించుతున్నప్పుడు కూడా ఇంజన్ ఆపనివ్వలేదు.