రేపు కూడా నడపనా అమ్మా?

గత ఏడాది మా అమ్మాయి చెన్నైలో జాతీయ జూనియర్ కార్ల రేసులో పాల్గొంది. పైకప్పు లేని ఒంటి సీటు కారు. నేను పంజాగుట్టలో మెట్రో ఎక్కి ఫోన్‌లో ఆ రేసే చూస్తున్నాను. వెనక కారు తగలడంతో మా అమ్మాయి కారు పల్టీ కొట్టింది. అంతలోనే ప్రసారం ఆగిపోయింది. చుట్టూ జనం ఉన్నారన్నది మరచి పెద్దగా ఏడ్చేశాను.

పక్కనున్న ఒక యువతి ఏమైందని అడిగి, అమీర్‌పేటలో నాతోపాటే దిగింది. "ఫికర్ చెయ్యకుండ్రి అక్కా, ఫోన్ వస్తది" అంటూ నా చెయ్యి పట్టుకుని స్టేషన్‌లోనే కూర్చుంది. చాలాసేపటికి ఫోన్ మోగింది.

"అమ్మా, నాకేం గాలె. డాక్టర్ సుత మంచిగనే ఉన్నవన్నడు. రేపటి రేసుల నడపనా?"

వద్దనే మాట నోటిదాకా వచ్చింది. "నడుపు బిడ్డా" అన్నాను.

మర్నాడు రేసు అయ్యేదాకా ఫోన్ ముట్టుకోలేదు. తను క్షేమంగానే తిరిగొచ్చింది. నేనలా అనడం ధైర్యమో, బిడ్డను నొప్పించలేని బలహీనతో ఇప్పటికీ తెలియదు.