రాజేశం పెంచిన తుప్పు

తుప్పు కనబడితే రాజేశానికి పగవాణ్ణి చూసినంత మంట. జగిత్యాల పక్క ఊరు విడిచి ఖతర్ చేరిన తొమ్మిదేళ్ళలో అతను చేసిన పని ఒక్కటే. కంపెనీ పైపులకూ ట్యాంకులకూ పట్టిన తుప్పు గీకడం, రెడ్ ఆక్సైడ్ అనే ఎర్ర పూత కొట్టడం, మీద రంగు వేయడం. చివరి పైపు దాకా వెళ్ళేసరికి మొదటి పైపుకు మళ్ళీ తుప్పు పట్టేది. సముద్రపు గాలి ఉన్నంతకాలం తన నౌకరీకి ఢోకా లేదని తనమీద తనే జోకు వేసుకునేవాడు. ఎంత థిన్నర్‌తో కడిగినా గోళ్ళ సందుల్లో ఆ ఎరుపు మాత్రం పోయేది కాదు.

పనిలో మొనగాడే. చెడగొట్టింది క్యాసెట్. ఊరికి ఫోన్ చేయడం అందరివల్లా అయ్యే రోజులు కావవి. టేప్ రికార్డర్ ముందు కూర్చుని అరగంట మాట్లాడి, ఆ క్యాసెట్‌ను సెలవు మీద వెళ్ళేవాళ్ళ చేతికిచ్చేవారు. రెండేళ్ళ కింద అలాంటి క్యాసెట్‌లో, ఏ గాలి సోకిందో, తను ఫోర్‌మన్ అయ్యానని భార్య ఎల్లవ్వకు చెప్పేశాడు. కుర్చీలో కూర్చుని పనిచేయిస్తున్నానన్నాడు. సాక్ష్యానికి ఇస్త్రీ చొక్కా వేసి, ఎవడిదో టై కట్టి, కుర్చీ వెన్ను మీద రెండు చేతులూ పెట్టి దిగిన ఫోటో కూడా పంపాడు. మసి పూసి మారేడుకాయ చేయడం రంగులేసేవాడికి ఒక లెక్కా? అప్పట్నించీ ప్రతి క్యాసెట్‌లోనూ ఆ ఫోర్‌మన్‌ను మేపలేక చచ్చేవాడు.

ఇప్పుడు ముప్పు గజేందర్ రూపంలో వచ్చింది. గజేందర్ పక్క మంచం వాడు, పక్క ఊరి వాడు, కడుపులో మాట నిలవని వాడు. తొంభై ఆరు ఏప్రిల్‌లో సెలవు మీద ఇంటికి పోతున్నాడు. ఆలోగా, కంపెనీలో ఖాళీ అయిన ఫోర్‌మన్ పని రాజేశానికి నిజంగానే రావాలి. లేకపోతే ఎల్లవ్వ ముందు పరువు గంగలో కలుస్తుంది.

దిక్కు డొరీన్ మేడమ్ అనుకున్నాడు. ఆమె ఇంగ్లండు నుంచి వచ్చిన శిల్పి, అరవై దాటిన మనిషి, రాజేశం పనిచేసే ప్రాజెక్టు మేనేజర్ భార్య. అల్ రయ్యాన్‌లో వాళ్ళ విల్లా గేటుకు రంగు వేయడానికి వెళ్ళినప్పుడు అతని పనితనం నచ్చి, శుక్రవారాలు వచ్చి ఇనుప ముక్కలు పట్టుకొమ్మంది. ఆమె వాటిని వెల్డింగ్ చేసి బొమ్మలు చేసేది. అందులో పెద్ద బొమ్మ ఒకటి ఎనిమిది నెలలుగా పెరట్లో నిలబడి ఉంది. అది నిచ్చెనో విరిగిన గేటో రాజేశానికి ఎన్నడూ తేలలేదు. మార్చి చివర్న దోహాలో ప్రదర్శన, ఆపైన అది ఓడెక్కి ఇంగ్లండు పోవాలి.

టీ తాగేటప్పుడు మేడమ్ తన దేశపు చిత్రకారుల, శిల్పుల ఫోటోలు తీసి, సగం మాటలతో సగం సైగలతో వాళ్ళ బతుకులు చెప్పేది. ఒకాయన ముప్పై ఏళ్ళు ఒకే కిటికీ ముందు కూర్చుని ఒకే సముద్రం గీశాడట. మా కంపెనీ అయితే మూడోరోజే ఖలాస్ అని ఇంటికి పంపేది, అనుకున్నాడు రాజేశం. మేడమ్‌కు పని నేర్పిన గురువు ఒకావిడ. పెద్ద యుద్ధం అయ్యాక కంచు దొరక్క, విరిగిన ఓడల తుక్కుతోనే మనుషుల్ని చేసిందట. రేకుల షెడ్డులో చలికి వేళ్ళు కొంకర్లు పోతున్నా మానలేదట. తుప్పు ఇనుము సొంత రంగని, దాని మీద పైపూత వేయనిచ్చేది కాదని చెప్తూ మేడమ్ కళ్ళు తుడుచుకుంది. రాజేశానికి అర్థమైందల్లా, పాపం వీళ్ళు రంగుకు కూడా గతిలేని మనుషులని. దానికి తోడు మేడమ్ వారం వారం బొమ్మ మీద సముద్రపు నీళ్ళు చల్లేది. ఇనుముకు ఉప్పునీళ్ళు పోయకూడదని ఈమెకు చెప్పేవాడే లేడా అని అతని ప్రాణం ఉసూరుమనేది.

మార్చి మొదటి శుక్రవారం మేడమ్, భర్తా అల్ ఖోర్ అనే ఊరికి వెళ్తూ గేటు తాళం అతనికిచ్చి, బొమ్మకు నీళ్ళు చల్లమన్నారు. రాజేశం ఆ నీళ్ళ డబ్బాను ఇసుకలో ఒంపేశాడు. వైర్ బ్రష్ తీసి మధ్యాహ్నంలోగా తుప్పంతా రాల్చాడు. రెడ్ ఆక్సైడ్ కొట్టాడు. ఎండకు అది ఆరగానే మీద బూడిద రంగు ఎనామిల్ వేశాడు. జన్మలో అంత శుభ్రంగా పనిచేయలేదు. ఇది చూశాక మేడమ్ భర్త చెవిన ఒక మాట వేయకపోతుందా అని, వాళ్ళు వచ్చేదాకా చేతులు కట్టుకుని గేటు దగ్గరే నిలబడ్డాడు.

మేడమ్ అరవలేదు. అరిచి ఉంటే బాగుండేదని రాజేశం తర్వాత అనేవాడు. బొమ్మ చుట్టూ ఒకసారి తిరిగి, ఇసుకలోనే చతికిలబడి, ఎనిమిది నెలలు అని మాత్రం అంది. మొక్కకు పోసినట్టు నీళ్ళు పోసి ఆమె ఆ తుప్పును పెంచుకుందని అప్పటికి గాని అతని బుర్రకెక్కలేదు. గజేందర్‌కు చెప్తే అతను నవ్వను కూడా నవ్వలేదు.

"నీళ్ళు సల్లుమంటే సల్లి రావాలె. గంత తెలివి నిన్నెవడు సూపెట్టుమన్నడే?" అన్నాడు.

మర్నాడు సాయంత్రం రాజేశం మేడమ్ ముందు తలవంచుకుని నిలబడి, పద్దెనిమిది రోజులు ఇమ్మని అడిగాడు. తుప్పు ఎక్కడ పడుతుందో, ఎందుకు పడుతుందో తనకంటే తెలిసినవాడు ఈ దేశంలో లేడన్నాడు. అది గొప్ప కాదు, నిజమే. రంగు ఊడగొట్టే మందు పూసి అంతా ఒలిచాడు. రోజూ డ్యూటీ దిగగానే వచ్చి, ఉప్పునీళ్ళలో తడిపిన గోనెసంచులు బొమ్మకు చుట్టేవాడు. తొమ్మిదేళ్ళుగా ఏ తుప్పు పీక పిసికాడో దానికే ఉగ్గుపాలు పట్టాల్సి వచ్చింది. ఐదోనాడు మొదటి మరక కనబడితే ఎగిరి గంతేసినంత పనిచేసి, కంపెనీ వాళ్ళెవరైనా చూశారేమోనని వెనక్కి తిరిగి చూసుకున్నాడు.

పదోనాడు సంచులు కట్టి నాలుగడుగులు వెనక్కి వేసి చూస్తే, అది నిచ్చెనా కాదు, గేటూ కాదు. తల మీద కొంగు కప్పుకుని, ముందుకు వంగి కూర్చున్న ఆడమనిషి. చాట ఒళ్ళో పెట్టుకుని బీడీలు చుట్టేటప్పుడు ఎల్లవ్వ అట్లాగే కూర్చుంటుంది. తను ఒక మనిషిని, మనిషని కూడా చూడకుండా, ప్రైమర్ కొట్టి ఎనామిల్ పూశాడు. రాజేశానికి చచ్చేంత సిగ్గేసింది. అది మేడమ్ బొమ్మ గురించి మాత్రమే కాదని అతనికి తెలుసు.

ప్రదర్శన నాటికి తుప్పు బాగానే వచ్చింది. మోచేతి దగ్గర వెల్డింగ్ గుంతలో మాత్రం కాస్త రెడ్ ఆక్సైడ్ మిగిలిపోయింది. ఎమరీ కాగితంతో గీకబోతే మేడమ్ చెయ్యి పట్టుకుంది.

"ఉండనీ రాజేశం. జరిగింది కనబడనీ," అంది.

మావారితో ఏమైనా చెప్పమంటావా అని కూడా తనే అడిగింది. ఫోర్‌మన్ అన్న మాట గొంతుదాకా వచ్చింది. "ఏమీ లేదు మేడమ్," అన్నాడు. ఆ ఫోర్‌మన్ పని జలంధర్ నుంచి వచ్చిన ఒక పంజాబీకి పోయింది.

గజేందర్ బయల్దేరే రోజు పొద్దున అతన్ని గదిలోంచి బయటికి పంపి, రాజేశం టేప్ రికార్డర్ నొక్కాడు. అరగంట క్యాసెట్‌లో చెప్పింది రెండు ముక్కలు. "ఎల్లవ్వా, నేను ఫోర్‌మన్ గాదే. ఎన్నడు గాలె. తుప్పు గీకుత." మిగతాదంతా ఫ్యాను చప్పుడు.

రెండు నెలలకు గజేందర్‌తో జవాబు క్యాసెట్ వచ్చింది. మొదట బర్రె ఈనిన సంగతి, తర్వాత వానల సంగతి, ఆ తర్వాత గోడ పడిన సంగతి. చివర్న ఎల్లవ్వ గొంతు తగ్గించింది.

"నువ్వు ఆడికెల్లి పంపిన ఫోటోల నీ గోర్లు సూసిన. సందులల్ల ఎర్రరంగు గట్లనే ఉన్నది. కుర్సీల గూసున్నోని గోర్లు గట్లుంటయా? రెండేండ్ల సంది నాకు ఎర్కే. నువ్వే జెప్తవని సూసిన."

తొమ్మిదేళ్ళ పనివాణ్ణి, నా కోటింగు ఊరు చేరగానే ఊడిపోయింది అని రాజేశం క్యాంప్‌లో ఈ కథ చెప్పి అందర్నీ నవ్వించేవాడు, తనూ నవ్వేవాడు. ఆమె రెండేళ్ళు ఎదురుచూసిందన్న మాట దగ్గర మాత్రం నవ్వు ఆపి గోళ్ళ సందులు చూసుకునేవాడు.